సేంద్రియం: మాట ఒక్కటే, అర్థాలు రెండు

ఈమధ్య ఏ ఇంటికి వెళ్లినా ఒక మాట తప్పకుండా చెవిన పడుతోంది. అదే ‘ఆర్గానిక్’. బియ్యం ఆర్గానిక్, బెల్లం ఆర్గానిక్, పసుపు ఆర్గానిక్, ఆఖరికి తలకు రాసుకునే నూనె కూడా ఆర్గానిక్. కిరాణా కొట్టులో మామూలు కందిపప్పు పక్కనే ఆర్గానిక్ కందిపప్పు కూర్చుని, ఎక్కువ ధర పలుకుతోంది. ఇంకోవైపు మన పిల్లలు పదో తరగతి గట్టెక్కి సైన్సు తీసుకుంటే, అక్కడా ఇదే మాట లావుపాటి పుస్తకం రూపంలో ఎదురవుతుంది: ఆర్గానిక్ కెమిస్ట్రీ. కొట్టులో ఉన్న ఆర్గానిక్, పుస్తకంలో ఉన్న ఆర్గానిక్ ఒకటేనా? ఒకటే అనుకునేవారు మనలో చాలామంది ఉన్నారు. అలా అనుకోవడం వల్ల ఒక్కోసారి డబ్బు నష్టం, ఒక్కోసారి పంట నష్టం, మరీ దురదృష్టం వెంటాడితే ప్రాణ నష్టం కూడా జరుగుతున్నాయి. అందుకే ఈ సంచికలో ఈ మాట సంగతి కాస్త తీరిగ్గా చెప్పుకుందాం.

నేను చదివింది బి.కాం. రసాయన శాస్త్రంతో నా చుట్టరికం హైస్కూలుతోనే తీరిపోయింది. కానీ బ్యాంకు ఉద్యోగంలో వ్యవసాయ రుణాల దరఖాస్తులు చూసేవాడికి ఎరువులు, పురుగు మందులు, సేంద్రియ సాగు అనే మాటలు రోజూ తగులుతూనే ఉంటాయి. తెలియని మాట మీద సంతకం పెట్టకూడదన్నది మా వృత్తిలో మొదటి పాఠం. అందుకని చదివి, తెలిసినవారిని అడిగి తెలుసుకున్నదే ఇక్కడ రాస్తున్నాను.

లాల్‌పేట్‌లో వచ్చిన ప్రశ్న

చంద్రపూర్‌లోని మన లాల్‌పేట్ సంగతి మీకు తెలిసిందే. ఇక్కడి బొగ్గు బాయిల్లో పని కోసం ఒకప్పటి కరీంనగర్, ఆదిలాబాద్ జిల్లాల నుంచి వచ్చి స్థిరపడిన తెలుగు కుటుంబాలు ఎన్నో ఉన్నాయి. వెస్టర్న్ కోల్‌ఫీల్డ్స్ వారి హిందుస్థాన్ లాల్‌పేట్ గని పేరు వినని ఇల్లు ఇక్కడ ఉండదు. పిల్లలు మరాఠీ బడుల్లో చదువుతారు, బజారులో హిందీ నడుస్తుంది, ఇంట్లో తెలుగు. చాలామందికి స్వగ్రామంలో ఎకరమో రెండెకరాలో ఇంకా ఉంది.

అలాంటి ఇంటి పెద్దాయన ఒకరు, బాయి పని నుంచి రిటైరైనవారు, పెన్షన్ పని మీద వచ్చి నన్నో ప్రశ్న అడిగారు.

“సారూ, ఊర్లె నా కొడుకు యూరియా బంద్ పెట్టి సేంద్రియ సాగు మొదలుపెట్టిండు. ఇక్కడ మా మనుమరాలేమో యూరియా కూడా సేంద్రియమే తాతా, మా సైన్సు పుస్తకంల ఉన్నది అంటున్నది. ఇద్దరి నడుమ పంచాయితి. ఎవలది నిజం?”

“ఇద్దరిదీ నిజమే కాకా” అన్నాను.

“అదెట్ల సారూ? సేంద్రియమే అయితే వెయ్యద్దనుడు ఎందుకు?”

చాలా న్యాయమైన ప్రశ్న. దీనికి జవాబు నాకు మా బ్యాంకు లెక్కల్లోనే దొరికింది. మీరు వెయ్యి రూపాయలు బ్యాంకులో వేస్తే, మీ దృష్టిలో అది మీ ఆస్తి. బ్యాంకు బాలెన్స్ షీటులో అదే వెయ్యి అప్పుల వైపు ఉంటుంది, ఎందుకంటే అది మేము మీకు తిరిగి ఇవ్వవలసిన సొమ్ము. అలాగే మీరు తీసుకున్న ఇంటి అప్పు మీకు భారం, మాకు ఆస్తి. సొమ్ము ఒక్కటే, ఎవరి పుస్తకంలో రాశారన్న దాన్ని బట్టి పద్దు మారుతుంది. సేంద్రియం అన్న మాట కూడా అచ్చంగా అంతే. కెమిస్ట్రీ పుస్తకంలో దాని పద్దు వేరు, వ్యవసాయం పుస్తకంలో వేరు.

మాట ఎక్కడ పుట్టింది?

గ్రీకు భాషలో ‘ఆర్గనాన్’ అంటే పనిముట్టు. దాని నుంచే శరీరంలోని అవయవాన్ని ‘ఆర్గాన్’ అన్నారు. అవయవాలున్న జీవుల నుంచి వచ్చిన పదార్థం ఆర్గానిక్. మన పండితులు దానికి తగ్గట్టే సంస్కృతంలో మాట కట్టారు. స ప్లస్ ఇంద్రియ కలిస్తే గుణసంధి వల్ల సేంద్రియ. అంటే ఇంద్రియాలతో కూడినది. అవి లేనిది నిరింద్రియ. మాట కట్టడంలో లోపం ఏమీ లేదు.

పందొమ్మిదో శతాబ్ది మొదట్లో స్వీడన్‌కు చెందిన బెర్జీలియస్ అనే మహా శాస్త్రవేత్త పదార్థాలను ఇలాగే రెండుగా విడదీశాడు. ఉప్పు, ఇనుము, రాయి వంటివి ఒక వర్గం. చక్కెర, నూనె, సారాయి, యూరియా వంటివి, అంటే మొక్కల నుంచీ జంతువుల నుంచీ వచ్చేవి, ఇంకో వర్గం. ఈ రెండో వర్గం పదార్థాలు తయారు కావాలంటే ఏదో ఒక ‘ప్రాణశక్తి’ ఉండాలనీ, ప్రయోగశాలలో మనిషి చేతులతో అవి తయారు కావనీ ఆనాటి విద్వాంసుల్లో గట్టి నమ్మకం.

ఆ నమ్మకానికి మొదటి దెబ్బ కొట్టింది మన కథానాయిక యూరియాయే. 1828లో జర్మనీకి చెందిన వోలర్, బెర్జీలియస్ దగ్గరే చదువుకున్నవాడు, అమ్మోనియం సయనేట్ అనే ఖనిజ సంబంధమైన లవణాన్ని తయారుచేయబోయాడు. ద్రావణాన్ని ఇగిరిస్తే తెల్లని స్ఫటికాలు మిగిలాయి. పరీక్షించి చూస్తే అవి యూరియా! అప్పటిదాకా మూత్రంలో మాత్రమే దొరికిన పదార్థం అది. దాన్ని మూత్రపిండం అవసరం లేకుండా, మనిషి గానీ కుక్క గానీ లేకుండా తయారుచేయగలిగానని వోలర్ తన గురువుకు సంతోషంగా ఉత్తరం రాశాడు.

ఇందులో ఒక విచిత్రం ఉంది. అమ్మోనియం సయనేట్‌లో ఉన్నవి ఒక కర్బన పరమాణువు, ఒక ఆక్సిజన్, రెండు నత్రజని, నాలుగు హైడ్రోజన్. యూరియాలో ఉన్నవీ సరిగ్గా అవే, అన్నే. అమరికలోనే తేడా. చేతిలో ఉన్న అవే ఎనిమిది నాణేలను వేరే వరుసలో పేర్చినట్టు. కానీ ఆ వరుస మారితే పదార్థమే మారిపోతుంది.

ఒక్క ప్రయోగంతో ప్రాణశక్తి సిద్ధాంతం కూలిపోలేదు. 1845లో కోల్బే అనే మరో జర్మన్ శాస్త్రవేత్త వెనిగర్‌లో ఉండే ఎసిటిక్ ఆమ్లాన్ని నిరింద్రియ పదార్థాల నుంచి తయారుచేశాడు. క్రమంగా ఒకటి తర్వాత ఒకటిగా మరెన్నో తయారయ్యాయి. చివరకు ప్రాణం సంగతి వదిలేసి, ఈ పదార్థాలన్నింటిలోనూ సామాన్యంగా ఉన్నది కర్బనం కాబట్టి, ఆర్గానిక్ కెమిస్ట్రీ అంటే కర్బన సమ్మేళనాల శాస్త్రం అని కెకులే వంటివారు స్థిరపరిచారు. అర్థం మొత్తంగా మారిపోయింది. పాత పేరు మాత్రం అలాగే ఉండిపోయింది. మన చాందా 1964లో చంద్రపూర్ అయినప్పుడు పేరు మారింది, ఊరు మారలేదు. ఇక్కడ దానికి తలకిందులు.

కాబట్టి ఈనాటి కెమిస్ట్రీలో సేంద్రియ పదార్థం అంటే, ముఖ్యంగా కర్బనం, దానితో పాటు సాధారణంగా హైడ్రోజన్ కూడి ఏర్పడిన సమ్మేళనం. అది ఆవు కడుపులోంచి వచ్చిందా, ఫ్యాక్టరీ గొట్టంలోంచి వచ్చిందా అన్న ప్రశ్నే లేదు. పెట్రోలు, కిరోసిన్, ప్లాస్టిక్, ఆస్పిరిన్, డి.డి.టి. ఇవన్నీ ఈ లెక్కలో సేంద్రియాలే.

కర్బనం ఉన్నదల్లా సేంద్రియం కాదన్న మినహాయింపు కూడా ఉంది. మన జిల్లాలోనే దీనికి మంచి ఉదాహరణ. ఒకవైపు లాల్‌పేట్ బొగ్గు, మరోవైపు గడ్‌చాందూర్, ఆవార్‌పూర్ వైపు సిమెంటు ఫ్యాక్టరీలకు వెళ్లే సున్నపురాయి. రెండింటిలోనూ కర్బనం ఉంది. కానీ సున్నపురాయిని, అంటే కాల్షియం కార్బొనేట్‌ను, నిరింద్రియంగానే లెక్కగడతారు. మనం విడిచే గాలిలోని కార్బన్ డయాక్సైడ్ కూడా అంతే. బొగ్గు మాత్రం సేంద్రియ మూలం గలది. ఇరవై అయిదు, ముప్ఫై కోట్ల సంవత్సరాల నాడు ఇక్కడ పెరిగిన అడవులు బురదలో పూడి, ఒత్తిడికీ వేడికీ మారి ఈ బొగ్గయ్యాయి. ఆ కాలపు రాతి పొరలకు భూగర్భ శాస్త్రవేత్తలు పెట్టిన ‘గోండ్వానా’ అన్న పేరు మన ఈ గోండు సీమదే.

మూడు భాషల్లో మూడు దారులు

ఇక మన పిల్లల తికమకకు అసలు కారణానికి వద్దాం. మరాఠీలో ఆర్గానిక్ పదార్థాలను ‘సేంద్రియ సంయుగే’ అంటారు. ఆర్గానిక్ సాగును ‘సేంద్రియ శేతీ’ అంటారు. రెండింటికీ మాట ఒక్కటే. మరాఠీలో చదివే పిల్లకు యూరియా సేంద్రియం అని పుస్తకం చెబుతుంది, యూరియా వేయనిదే సేంద్రియ శేతీ అని పొలం చెబుతుంది. పిల్ల తల పట్టుకోవడంలో తప్పేముంది?

తెలుగులో పూర్వం ఆర్గానిక్ కెమిస్ట్రీని సేంద్రియ రసాయన శాస్త్రం అనే అనేవారు. తర్వాత కళాశాల పుస్తకాల్లో ‘కర్బన రసాయన శాస్త్రం’ స్థిరపడింది. దానికి ఎదురు ‘అకర్బన రసాయన శాస్త్రం’. వ్యవసాయంలో మాత్రం ‘సేంద్రియ ఎరువు’, ‘సేంద్రియ వ్యవసాయం’ నిలిచిపోయాయి. హిందీవారూ ఇలాగే విడదీశారు: చదువులో ‘కార్బనిక్ రసాయన్’, పొలంలో ‘జైవిక్ ఖేతీ’. ఇంగ్లీషుకూ మరాఠీకీ లేని ఒక సౌకర్యం ఈ రెండు భాషల్లో ఉంది. యూరియా కర్బన పదార్థమే గానీ సేంద్రియ ఎరువు కాదు అని తెలుగులో ఒక్క వాక్యంలో చెప్పేయవచ్చు. దాన్ని ఇంగ్లీషులో చెప్పాలంటే యూరియా ఆర్గానిక్కే గానీ ఆర్గానిక్ కాదు అనాల్సి వస్తుంది! పిల్లలకు పరాయి మాధ్యమంలో పాఠం అర్థం కానప్పుడు, ఇంట్లో తెలుగు మాట ఒకటి పక్కన పెట్టి చూపిస్తే చిక్కుముడి ఇలా విడిపోతుంది. తెలుగు వాళ్లకు ఎందుకులే అనుకునే తల్లిదండ్రులు ఈ సంగతి గమనించాలి.

పొలంలో సేంద్రియం అంటే

వ్యవసాయంలో ఈ మాట దారి వేరు. 1924 నుంచి ఇండోర్‌లోని వ్యవసాయ పరిశోధన సంస్థను నడిపిన ఆల్బర్ట్ హోవర్డ్ అనే ఆంగ్లేయుడు, మన రైతులు చెత్తనూ పేడనూ మట్టికి తిరిగి ఇచ్చే తీరును శ్రద్ధగా గమనించాడు. ఆ అనుభవంతో కంపోస్టు తయారీకి ఒక పద్ధతి రూపొందించాడు. దాన్ని ఈనాటికీ ‘ఇండోర్ పద్ధతి’ అంటారు. 1940లో ఇంగ్లండులో లార్డ్ నార్త్‌బోర్న్ రాసిన పుస్తకం ద్వారా ‘ఆర్గానిక్’ అన్న విశేషణం వ్యవసాయానికి అంటుకుంది. పొలాన్ని ఒక సజీవ శరీరంలా, అన్ని అవయవాలూ ఒకదానికొకటి ఆసరాగా ఉన్న ప్రాణిలా చూడాలన్నది ఆయన భావం. అందులో కర్బనం లెక్క లేదు. గ్రీకు ‘ఆర్గనాన్’ నుంచి వచ్చిన అవయవం అన్న పాత అర్థాన్నే ఆయన మరో దారిన తీసుకువెళ్లాడు.

అందుచేత పొలంలో సేంద్రియం అన్నది ఒక సాగు పద్ధతి పేరు. ఏ పదార్థం వాడవచ్చు, ఏది వాడకూడదు అన్నది నిబంధనల పట్టిక చెబుతుంది. ఆ పట్టిక చూస్తే కెమిస్ట్రీ విద్యార్థి ఆశ్చర్యపోతాడు. కెమిస్ట్రీలో సేంద్రియమైన యూరియాకు అక్కడ ప్రవేశం లేదు. కెమిస్ట్రీలో నిరింద్రియాలైన జిప్సం, సున్నం, గంధకం, రాక్ ఫాస్ఫేట్‌లకు అనుమతి ఉంది. మైలుతుత్తం, సున్నం కలిపి చేసే బోర్డో మిశ్రమాన్ని కూడా పరిమితులకు లోబడి వాడవచ్చు. సహజంగా భూమిలో దొరికేవి, తక్కువ మార్పుతో వాడేవి లోపలికి వస్తాయి. ఫ్యాక్టరీలో కృత్రిమంగా సంశ్లేషణ చేసినవి బయట ఉండిపోతాయి. గీత గీసిన చోటు అది.

బొగ్గు నుంచి ఎరువు

ఇక్కడ మనకు దగ్గరి కథ ఒకటుంది. చంద్రపూర్‌లో రైలెక్కి బల్లార్షా, కాగజ్‌నగర్, మంచిర్యాల దాటితే రామగుండం. అక్కడ భారత ఎరువుల సంస్థ 1980లో ప్రారంభించిన కర్మాగారం బొగ్గు నుంచి యూరియా తయారుచేసేది. ఒడిశాలోని తాల్చేరులో దానికి జోడీ ఒకటి ఉండేది. బొగ్గును ఆక్సిజన్‌తో, నీటి ఆవిరితో కలిపి వాయువుగా మార్చి అందులోంచి హైడ్రోజన్ తీస్తారు. గాలిలోని నత్రజనిని దానితో కలిపితే అమ్మోనియా. ఆ అమ్మోనియాకు, అక్కడే మిగిలిన కార్బన్ డయాక్సైడ్‌ను జతచేస్తే యూరియా. రామగుండం కర్మాగారం 1999లో మూతపడింది. అదే చోట గ్యాసుతో నడిచే కొత్త కర్మాగారం 2021లో ఉత్పత్తి మొదలుపెట్టింది. దాని సామర్థ్యం ఏడాదికి 12.7 లక్షల టన్నులు.

అంటే చూడండి, కోట్ల ఏళ్ల నాటి చెట్లు బొగ్గయి, ఆ బొగ్గు యూరియా అయింది. పుట్టుక చూస్తే చెట్టు, రసాయనం చూస్తే కర్బన సమ్మేళనం. అయినా సేంద్రియ పొలం గేటు దగ్గర దాన్ని ఆపేస్తారు. ఎందుకు? మధ్యలో ఫ్యాక్టరీ ఉంది కాబట్టి.

మరి తేడా నిజంగా ఉందా?

ఒక్క మాట స్పష్టంగా చెప్పాలి. ఆవు మూత్రంలోని యూరియా అణువుకూ, బస్తాలోని యూరియా అణువుకూ ఎలాంటి తేడా లేదు. వోలర్ 1828లో చూపించింది అదే. మట్టిలో పడ్డాక సూక్ష్మజీవుల ఎంజైములు రెండింటినీ ఒకేలా అమ్మోనియాగా, తర్వాత నైట్రేటుగా మారుస్తాయి. మొక్క వేరు ప్రధానంగా పీల్చేది ఆ రూపాల్లోనే. నత్రజని ఎక్కడి నుంచి వచ్చిందని వేరు విచారణ చేయదు.

తేడా ఉన్నది దానితో పాటు ఏమేమి వస్తాయన్న దాంట్లో. మా వాళ్లకు అలవాటైన లెక్క వేసి చూద్దాం. యూరియాలో 46 శాతం నత్రజని. 45 కిలోల బస్తాలో అది 20.7 కిలోలు. పశువుల ఎరువులో నత్రజని సుమారు అర శాతం. అదే 20.7 కిలోలు పశువుల ఎరువు ద్వారా ఇవ్వాలంటే నాలుగు టన్నుల పైచిలుకు కావాలి. ఒక బస్తాకు నాలుగు టన్నులు! బస్తా ధర రూ.242, వేపపూత ఖర్చు, పన్నులు కాక. మిగతా భారం ప్రభుత్వ సబ్సిడీ మోస్తుంది. పశువులు తగ్గిపోయిన ఊళ్లో నాలుగు టన్నుల ఎరువు ఎక్కడ దొరుకుతుంది, తోలించడానికి ఎంత అవుతుంది, కూలీ ఎంత? సేంద్రియ సాగుకు దిగే రైతు మొదట వేసుకోవలసిన లెక్క ఇది.

నాణేనికి రెండో వైపు కూడా చూడాలి. ఆ నాలుగు టన్నులతో పాటు మట్టికి భాస్వరం, పొటాష్, సూక్ష్మ పోషకాలు, అన్నింటికీ మించి కర్బనం అందుతాయి. 2015లో కేంద్రం మొదలుపెట్టిన భూసార కార్డు మీ ఇంట్లో ఉంటే తీసి చూడండి. అందులో పన్నెండు పరీక్షలుంటాయి. ‘సేంద్రియ కర్బనం’ అన్నది వాటిలో ఒకటి. మన రెండు మాటలూ అక్కడ భుజం భుజం కలిపి నిలబడ్డాయి! అది 0.5 శాతం కన్నా తక్కువైతే భూమి బలహీనం, 0.75 దాటితే బలం. మట్టి నీటిని పట్టి ఉంచాలన్నా, వానపాములూ సూక్ష్మజీవులూ బతకాలన్నా ఇదే ఆధారం. ఒక్క యూరియానే ఏళ్ల తరబడి వేస్తే పైరు పచ్చగానే కనిపిస్తుంది, ఈ పద్దు మాత్రం పెరగదు. అసలు సొమ్ము జమ చేయకుండా వడ్డీ తీసుకుని తింటూ పోవడం లాంటిదన్నమాట.

సాధ్యమేనా అంటే, సాధ్యమేనని చూపిన ఊరు మన తెలుగునాట ఉంది. ఒకప్పటి వరంగల్ జిల్లాలోని, ఇప్పటి జనగామ జిల్లాలోని ఏనబావి రైతులు ఊరంతా కలిసి రసాయనాలు మానేసి, 2006లో ఆ సంగతి ప్రకటించుకున్నారు. ముందు పురుగు మందులు తగ్గించి, తర్వాత ఎరువులు మాని, మెల్లగా అక్కడికి చేరారు. మరోవైపు 2021లో శ్రీలంక ప్రభుత్వం దేశమంతటా రసాయన ఎరువుల దిగుమతిని ఒక్కసారిగా నిషేధించింది. వరి దిగుబడి పడిపోయింది, బియ్యం దిగుమతి చేసుకోవలసి వచ్చింది. కొన్ని నెలలకే, ఆ నవంబరులో, నిషేధం ఎత్తేశారు. రెండు చోట్లా మాట ఒక్కటే, సేంద్రియం. ఒక చోట మట్టిని సిద్ధం చేసుకుని నడిచారు, ఇంకో చోట మాటను నమ్ముకుని దూకారు.

మాట పొరబడితే వచ్చే ప్రమాదం

సేంద్రియం అంటే మంచిది, కెమికల్ అంటే విషం అన్న భ్రమ మనలో బాగా పాతుకుపోయింది. కెమిస్ట్రీ లెక్కలో నీళ్లు కూడా కెమికలే, ఉప్పూ కెమికలే. గన్నేరు పప్పు పూర్తిగా సహజమే, తింటే ప్రాణం పోతుంది. ఆముదం గింజలోని రిసిన్ భయంకరమైన విషం. తారు నుంచి వచ్చే బెంజీన్ కెమిస్ట్రీలో సేంద్రియ పదార్థాలకు తలమానికం వంటిది, అది క్యాన్సర్ కారకం.

పురుగు మందుల్లో ‘ఆర్గానో ఫాస్ఫేట్’ అనే పెద్ద కుటుంబం ఉంది. మోనోక్రోటోఫాస్, ప్రొఫెనోఫాస్ ఆ కుటుంబంవే. పేరులో ‘ఆర్గానో’ ఉంది కదా అని మెత్తగా తీసుకుంటే మోసపోతాం. అది కెమిస్ట్రీ ఆర్గానిక్, అంటే కర్బనం కలిసిన ఫాస్ఫరస్ సమ్మేళనం. నరాల పనికి అడ్డుపడే విషం. 2017లో మన పొరుగు జిల్లా యవత్మాల్‌లో పత్తి చేలకు మందు చల్లుతూ ఇరవై మంది దాకా చనిపోయారు, వందల మంది ఆసుపత్రుల పాలయ్యారు. మందు డబ్బా మీద ఉండే రంగు గుర్తును చూడటం పిల్లలకు కూడా నేర్పాలి. ఎరుపు అత్యంత విషం, పసుపు తీవ్ర విషం, నీలం మధ్యరకం, ఆకుపచ్చ తక్కువ. ఆకుపచ్చ కూడా విషమే, తక్కువ విషం అంతే. చల్లేటప్పుడు ముక్కుకు గుడ్డ, చేతికి తొడుగు, గాలి వాలు చూసుకోవడం, పని కాగానే సబ్బుతో స్నానం తప్పనిసరి. తల తిరగడం, వాంతులు, చూపు మసకబారడం, చొంగ కారడం కనిపిస్తే డబ్బాతో సహా వెంటనే ఆసుపత్రికి తీసుకుపోవాలి. ఏ మందో తెలిస్తే డాక్టరుకు విరుగుడు ఇవ్వడం సులువు.

కొనేవారికీ, సాగు చేసేవారికీ

ఇక బజారు సంగతి. 2017లో వచ్చిన ఆహార భద్రత నిబంధనల ప్రకారం, ఆర్గానిక్ అని అట్ట మీద ముద్రించి అమ్మే ఆహారానికి ధ్రువీకరణ ఉండాలి. అది రెండు రకాలు. మూడో పక్షం తనిఖీతో ఇచ్చేది ఒకటి, దానికి ‘ఇండియా ఆర్గానిక్’ ముద్ర. రైతులు బృందంగా ఏర్పడి ఒకరి పొలం ఒకరు తనిఖీ చేసుకునే పి.జి.ఎస్. పద్ధతి రెండోది. వీటితో పాటు ‘జైవిక్ భారత్’ అనే ముద్ర కూడా చూడవచ్చు. చిన్న రైతు తన పంటను నేరుగా మన చేతికి అమ్ముకునేటప్పుడు దీని నుంచి మినహాయింపు ఉంది. అక్కడ మనకు ఆధారం ఆ రైతు మీద నమ్మకమే. పెద్ద కంపెనీ అట్టపెట్టె మీద ఆకుపచ్చ ఆకు బొమ్మ, ‘సహజ’, ‘నేచురల్’, ‘ప్యూర్’ అన్న మాటలు మాత్రమే ఉంటే, అవి ధ్రువీకరణ కిందికి రావు. ఎక్కువ ధర చెల్లించే ముందు ముద్ర వెతకండి. ముద్ర లేని చెక్కును మేము పాస్ చేస్తామా?

సాగు చేసే కుటుంబాలు ఇంకో సంగతి గుర్తుంచుకోవాలి. రసాయనాలు ఈ రోజు మానేస్తే రేపు పంట సేంద్రియం అయిపోదు. ఏటా వేసే పంటలకు సాధారణంగా రెండేళ్లు, పండ్లతోటల వంటి వాటికి మూడేళ్లు పరివర్తన కాలం ఉంటుంది. ఆ కాలంలో దిగుబడి తగ్గవచ్చు, సేంద్రియ ధర మాత్రం ఇంకా రాదు. ఆ మధ్య కాలానికి చేతిలో ఎంత ఉంది, పశువులున్నాయా, పచ్చిరొట్ట పైరు వేయగలమా, పంట కొనేది ఎవరు అన్నవి కాగితం మీద రాసుకోవాలి. మొత్తం భూమి ఒకేసారి మార్చకుండా ఒక ముక్కతో మొదలుపెడితే, తప్పటడుగు పడినా నిలదొక్కుకోవచ్చు. అప్పు ఇచ్చే బ్యాంకువాడూ ఇవే అడుగుతాడు, వాడి మీద కోపం తెచ్చుకోకండి.

చదువుకునే పిల్లలకు చివరగా ఒక చిట్కా. పరీక్షలో ‘యూరియా ఆర్గానికా, కాదా’ అని అడిగితే కెమిస్ట్రీ పేపరులో ఔనని రాయండి, వ్యవసాయ శాస్త్రం పేపరులో సేంద్రియ ఎరువు కాదని రాయండి. ఎవరైనా మీతో ఆర్గానిక్ అన్నప్పుడల్లా మనసులో ఒక ప్రశ్న వేసుకోండి: వీరు చెబుతున్నది పదార్థం గురించా, పద్ధతి గురించా? పదార్థం గురించి అయితే కర్బనం ఉందేమో చూడండి, పద్ధతి గురించి అయితే ముద్ర ఉందేమో చూడండి.

మన సంఘం ఇళ్లలో ఊరి పొలాన్ని సేంద్రియ సాగుకు మార్చినవారు, మార్చి వెనక్కి తగ్గినవారు కూడా ఉన్నారు. ఇరువురి అనుభవాలూ అందరికీ పనికివచ్చేవే. మీ ఖర్చు, దిగుబడి, భూసార కార్డులో సేంద్రియ కర్బనం అంకెలు రాసి పంపితే వచ్చే సంచికల్లో అందరం కలిసి చదువుకుందాం. ఉత్తరం తెలుగులోనే రాయండి, పిల్లల చేత రాయిస్తే మరీ మంచిది.